శ్రోతను వెతుక్కుంటూ వెళ్లే పాట: నుస్రత్ ఫతే అలీ ఖాన్ ఖవ్వాలీ

1985 జులైలో ఇంగ్లండ్‌లోని ఎసెక్స్ తీరాన, మెర్సీ దీవిలో వోమాడ్ సంగీతోత్సవం జరిగింది. రాక్ సంగీతానికి అలవాటు పడ్డ శ్రోతల ముందు, బాగా రాత్రయ్యాక, పాకిస్తాన్ నుంచి వచ్చిన ఖవ్వాలీ బృందమొకటి వేదిక మీద బాసింపట్టు వేసుకుని కూర్చుంది. వింటున్నవారిలో చాలామందికి ఉర్దూ రాదు, పంజాబీ రాదు. అయినా జనం కదల్లేదు. ఆ రాత్రితో పాశ్చాత్య ప్రపంచంలో ఒక పేరు స్థిరపడింది: నుస్రత్ ఫతే అలీ ఖాన్.

అది ఆయన గొంతు మహిమే అంటే సగం మాటే చెప్పినట్టు. ఖవ్వాలీలో ఉన్న పద్ధతులన్నీ శ్రోతను పాటలోకి తీసుకురావడానికి పుట్టినవే. ఆ పద్ధతుల శక్తి ఎంతవరకు వెళ్లగలదో నుస్రత్ చూపించారు.

లాయల్‌పూర్ ఇల్లు

నుస్రత్ 1948 అక్టోబరు 13న లాయల్‌పూర్‌లో పుట్టారు. ఆ ఊరే తర్వాత ఫైసలాబాద్ అయింది. దేశ విభజన సమయంలో ఆ కుటుంబం జలంధర్ వదిలి అక్కడికి చేరింది. వంశంలో ఆరు వందల ఏళ్లుగా ఖవ్వాలీ నడుస్తోందని వాళ్లు చెప్పుకుంటారు. తండ్రి ఉస్తాద్ ఫతే అలీ ఖాన్, పెదనాన్న, బాబాయిలు అందరూ పేరున్న గాయకులే. అయినా కొడుకు డాక్టర్ కావాలన్నది తండ్రి కోరిక. ఖవ్వాల్ బతుకులో గౌరవం తక్కువని ఆయన బాధ. పిల్లవాడు పాటను వింటూనే పట్టేసిన సంగతి గ్రహించాక మనసు మార్చుకుని ముందు తబలా, తర్వాత గాత్రం నేర్పారు.

ఆ శిక్షణ పూర్తికాకముందే, 1964లో తండ్రి పోయారు. ఆయన నలభయ్యో రోజు సంస్మరణలో నుస్రత్ తొలిసారి నలుగురి ముందు పాడారు. మిగతా విద్య తండ్రి సోదరులు ముబారక్ అలీ ఖాన్, సలామత్ అలీ ఖాన్‌ల దగ్గర సాగింది. 1971లో ముబారక్ అలీ మరణించడంతో బృందం బాధ్యత నుస్రత్ మీద పడింది. 'హక్ అలీ అలీ' పాటతో పాకిస్తాన్‌లో పేరు వచ్చింది. ఫైసలాబాద్ రెహ్మత్ గ్రామఫోన్ హౌస్ క్యాసెట్లు, ఆ తర్వాత బర్మింగ్‌హామ్‌లోని ఓరియంటల్ స్టార్ ఏజెన్సీస్ క్యాసెట్లు ఆయన పాటను బ్రిటన్‌లోని పంజాబీల ఇళ్లకు చేర్చాయి.

పాట ఎలా నడుస్తుంది

ఖవ్వాలీ సూఫీ దర్గాల సంగీతం. చిష్తీ అనే సూఫీ పరంపరలో పాట వినడమే ఒక ఉపాసన; దాన్ని 'సమా' అంటారు. ఈ సంప్రదాయానికి రూపమిచ్చినవాడిగా ఢిల్లీ సూఫీ గురువు నిజాముద్దీన్ ఔలియా శిష్యుడు, కవి అమీర్ ఖుస్రోను తలుచుకుంటారు. హైదరాబాద్ వాళ్లకు ఇది కొత్త కాదు. నాంపల్లి యూసుఫైన్ దర్గా ఉర్సులోనూ, అజీజ్ అహ్మద్ ఖాన్ వార్సీ, ఆయన మనవలైన వార్సీ సోదరుల గొంతుల్లోనూ ఇదే పరంపర వినిపిస్తుంది.

బృందంలో ముందు వరుస ప్రధాన గాయకుడిది, హార్మోనియంలది. వెనక వరుసలో వంత పాడేవారు, చప్పట్లు కొట్టేవారు. నుస్రత్ పక్కన తమ్ముడు ఫర్రుఖ్ హార్మోనియం వాయిస్తూ పాడేవారు. తబలా మీద దిల్దార్ హుస్సేన్. చప్పట్లను తక్కువగా చూడకూడదు. తాళాన్ని మోసేవి అవే, సభ మొత్తాన్ని ఒక లయలోకి తెచ్చేవీ అవే.

ముందు హార్మోనియం మీద 'నగ్మా' అనే వాద్య భాగం వస్తుంది. తర్వాత ఆలాపన. అప్పుడు ఒక ద్విపద, తాళం లేకుండా. ఆ తర్వాతే తబలా, చప్పట్లు, అసలు పాట. సంప్రదాయ సభలో ముందు దైవస్తుతి 'హమ్ద్', తర్వాత ప్రవక్త కీర్తన 'నాత్', ఆపైన సూఫీ గురువుల స్తుతి 'మన్‌ఖబత్'. గజళ్లు, ప్రేమ పాటలు ఆ తర్వాతే.

అసలు విద్య పాట మధ్యలో ఉంది. ఒకటి 'తక్రార్': ఒకే మాటను, ఒకే పాదాన్ని మళ్లీ మళ్లీ పాడటం. మన కర్ణాటక కచేరీలో నెరవు విన్నవారికి ఇది చప్పున అర్థమవుతుంది. కానీ ఖవ్వాలీలో ఎన్నిసార్లు పాడాలో నిర్ణయించేది శ్రోత. ఏదైనా పాదానికి ఒక భక్తుడు తన్మయుడై లేచి ఊగడం మొదలుపెడితే, ఆయన తేరుకునేదాకా గాయకుడు ఆ పాదం వదలకూడదు. అది దర్గా మర్యాద. కాబట్టి ఖవ్వాల్ కళ్లు ఎప్పుడూ సభ మీదే ఉంటాయి.

రెండోది 'గిరహ్', అంటే ముడి. నడుస్తున్న పాటలోకి వేరే కవి రాసిన ద్విపదను తెచ్చి, అర్థం చెడకుండా తిరిగి పల్లవికి కలపాలి. పాట పంజాబీలో ఉంటే ముడి పారసీలో పడవచ్చు. ఆ క్షణాన తట్టాలి, ఛందస్సు కుదరాలి, సభకు తగలాలి. నుస్రత్ వందల కొద్దీ పద్యాలు గుర్తుంచుకుని ఇలా అల్లేవారు.

మూడోది సర్గమ్. స్వరాల పేర్లతోనే రాగాన్ని విస్తరించడం. నుస్రత్ ప్రత్యేకత ఇక్కడే కనిపిస్తుంది. హిందూస్తానీ శాస్త్రీయ గానమైన ఖయాల్‌లో పొందిన శిక్షణ బలంతో ఆయన సర్గమ్‌ను ఖవ్వాలీలో ఇదివరకెన్నడూ లేనంత పెద్ద చోటుకు తెచ్చారు. లయ పెరిగేకొద్దీ స్వరాలు వేగంగా దూకి, తబలాతో పోటీపడి, సరిగ్గా సమం మీద, అంటే తాళం మొదటి దెబ్బ మీద, పల్లవిని అందుకునేవి. స, రి, గలకు నిఘంటువు అక్కర్లేదు. భాష తెలియని విదేశీ శ్రోత పాటలోకి రావడానికి ఆయన తెరిచిన తలుపు అదే.

కొత్త దారులు, పాత పునాది

తర్వాతి చరిత్ర వేగంగా సాగింది. రాక్ గాయకుడు పీటర్ గాబ్రియేల్ రికార్డు సంస్థ రియల్ వరల్డ్ 1989లో సంప్రదాయ ఖవ్వాలీలతో 'షహెన్‌షా', 1990లో గిటారిస్టు మైకేల్ బ్రూక్ తోడుగా 'మస్త్ మస్త్' తెచ్చింది. ఈ రెండోదానిలో ఖవ్వాలీకి గిటార్, సింథసైజర్‌లు కలిశాయి. 'బాండిట్ క్వీన్' హిందీ సినిమాకు నుస్రత్ సంగీతం సమకూర్చారు. హాలీవుడ్ సినిమా 'డెడ్ మ్యాన్ వాకింగ్'లో రాక్ గాయకుడు ఎడ్డీ వెడ్డర్‌తో గొంతు కలిపారు. 1987లో పాకిస్తాన్ ప్రభుత్వ ప్రైడ్ ఆఫ్ పెర్ఫార్మెన్స్, 1995లో యునెస్కో సంగీత పురస్కారం లభించాయి.

భక్తి సంగీతాన్ని బజారుకెక్కించారని కొందరు సంప్రదాయవాదులు విమర్శించారు. ఆ విమర్శ నిలవదు. గిటార్ పక్కన పాడిన ఆ కాలంలోనే ఆయన చప్పట్లు, తబలా, హార్మోనియంలతో గంటల తరబడి పాత పద్ధతిలో పాడుతూనే ఉన్నారు. నష్టం జరిగింది మరోచోట. సింధ్‌లోని సేహ్వాన్‌లో దర్గా ఉన్న సూఫీ లాల్ షాబాజ్ ఖలందర్‌ను కీర్తిస్తూ ఆయన పాడిన 'దమ్ మస్త్ ఖలందర్' బాణీ 1994లో 'మోహ్రా' హిందీ సినిమాలో శృంగార గీతమైంది. భారతదేశమంతా ఊగిపోయింది. అందులో భక్తి పోయింది, ముడి పోయింది, సర్గమ్ పోయింది. మిగిలింది బాణీ ఒక్కటే.

భారత స్వాతంత్ర్య స్వర్ణోత్సవాల వేళ ఎ.ఆర్. రెహమాన్ 'వందేమాతరం' ఆల్బమ్‌లో శాంతి కోరే పాటకు నుస్రత్ గొంతు కలిపారు. ఆ ఆల్బమ్ వచ్చిన 1997 ఆగస్టులోనే, 16న, లండన్ ఆసుపత్రిలో గుండె ఆగి కన్నుమూశారు. అప్పటికి ఆయన వయసు 48. ఫైసలాబాద్‌లో ఖననం చేశారు. బృందాన్ని తమ్ముడి కొడుకు రాహత్ అందుకున్నారు. 1990లో రికార్డు చేసి అటకెక్కిన పాటలు 'చెయిన్ ఆఫ్ లైట్' పేరుతో 2024లో వెలుగు చూశాయి.

నుస్రత్‌ను వినాలనుకునేవారికి ఒక్క విన్నపం. మూడు నిమిషాల ముక్కలతో, రీమిక్సులతో మొదలుపెట్టకండి. అరగంట సాగే ప్రత్యక్ష సభ రికార్డింగ్ ఒకటి ఎంచుకుని, నగ్మా నుంచి చివరి చప్పట్ల దాకా మధ్యలో ఆపకుండా వినండి. ఖవ్వాలీ తన పని చేయడానికి శ్రోత నుంచి అడిగేది ఆ కాసింత సమయమే.