తత్సుయ నకదాయ్: నటుని స్వాతంత్ర్యం

"ఏ వేషమైనా వేయగలడు" అన్న మాటను మనం నటునికి పెద్ద కితాబుగా ఇస్తుంటాం. నా దృష్టిలో అది సగం మాట. ఆ వేషం ద్వారా మనిషిని గురించి, సంఘాన్ని గురించి అతడేమి చెప్పాడన్న ప్రశ్న ఇంకా మిగిలే వుంటుంది. 2025 నవంబరులో 92 సంవత్సరాల వయస్సులో మరణించిన జపాన్ నటుడు తత్సుయ నకదాయ్ కృషిని ఈ ప్రశ్నతోనే పరిశీలించాలి.

ముందుగా ఆర్థిక పునాదిని చూద్దాం. 1953లో జపాన్‌లోని ఐదు పెద్ద చిత్రనిర్మాణ సంస్థలు ఒకరి నటులను మరొకరు తీసుకోరాదని ఒప్పందం చేసుకున్నాయి. దానితో నటుడు కంపెనీ సొత్తు అయ్యాడు. తారకు ఒక ముఖం తయారుచేసి, దానినే ఏటేటా అమ్ముకోవటం కంపెనీలకు లాభసాటి. హైయూజా నాటక సమాజంలో శిక్షణ పొందిన నకదాయ్ ఏ కంపెనీకీ తనను రాసి ఇవ్వలేదు, రంగస్థలాన్నీ విడువలేదు. కురోసవా, కొబయాషి, నరుసె, ఇచికవా వంటి భిన్న మార్గాల దర్శకులందరి వద్దా పనిచేయటానికి ఆయనకు వీలు చిక్కింది ఇందువల్లనే.

1954లో 'ఏడుగురు సమురాయ్'లో వీధివెంట నడిచిపోయే క్షణకాలపు వేషం ఆయనది. ఐదేళ్లు తిరిగేసరికి, 1959-61 మధ్య మూడు భాగాలుగా వచ్చిన కొబయాషి చిత్రం 'మానవ స్థితి'లో తొమ్మిది గంటలకు పైబడిన కథను కజీ పాత్రలో భుజాన మోశారు. జపాన్ ఆక్రమణలోని మంచూరియా గనిలో కజీ కార్మికుల పర్యవేక్షకుడు. కూలీలను మనుషులుగా చూడాలని అతని తపన. పీడించే యంత్రాంగంలో చేరి మంచివాడుగా మిగలటం సాధ్యమా అన్నదే అతని వేదన. మొదటి భాగంలోని నిటారు యువకుడు చివరకు మంచులో కూలిపోయే వరకు, ఆ వేదన నకదాయ్ నడకలోనే కనబడుతుంది.

సోషలిజంపై ఆశ పెట్టుకున్న కజీకి సోవియట్ బందీల శిబిరంలోనూ అన్యాయమే ఎదురవుతుంది. ఈ ఘట్టం మనలో కొందరికి రుచించకపోవచ్చు. కాని నకదాయ్ అక్కడ కజీని ద్రోహిగా చూపలేదు, భక్తునిగానూ చూపలేదు. తాను నమ్మినదాని నుండే న్యాయం కోరే మనిషిగా నిలబెట్టారు. అటువంటి ప్రశ్నకు జంకే ఉద్యమం తనకే నష్టం చేసుకుంటుందని నా అభిప్రాయం.

అదే 1961లో 'యోజింబో'లో పిస్తోలు పట్టిన దుర్మార్గుడుగా నటించారు గదా, నిబద్ధత ఏమయిందని అడగవచ్చు. పీడకుని లోపలినుండి ఎరిగిన నటుడే పీడితుని పక్షాన బలంగా నిలవగలడు. దీనికి 1962 నాటి 'హరాకిరి' సాక్ష్యం. అప్పటికి ముప్పై నిండని నటుడు మనుమడున్న పేద రోనిన్‌గా ప్రభువు ముంగిట కూర్చుని, గొంతు పెంచకుండానే, సమురాయ్ గౌరవమనే డొల్ల కవచాన్ని పగలగొడతాడు.

ఆయన కృషి అంతా సమానంగా వున్నదని నేననను. 1966 నాటి 'స్వోర్డ్ ఆఫ్ డూమ్'లో హంతకుని చూపులు వణికిస్తాయి. ఆ క్రౌర్యానికి సాంఘిక మూలమేదో చిత్రం చెప్పదు. నటుడు చేసిన పనిని కథ అందుకోలేకపోయింది.

1980లో 'కగెముష'లో ప్రభువూ ఆయనే, ప్రభువుగా నటించే దొంగా ఆయనే. అధికారంలో వేషం పాలు ఎంతో అంతకంటె స్పష్టంగా చూపటం కష్టం. 1985లో 'రన్'లో, పరుల కోటలు కాల్చి రాజ్యమేలిన వృద్ధుడు తానే తగలబడే కోట మెట్లు దిగి వస్తాడు. ఆ ముఖంలో జాలితో పాటు లెక్క తీరటం కూడా వున్నది.

1975లో భార్య యసుకో మియజాకితో కలిసి ఆయన నటశిక్షణకు 'ముమెయ్ జుకు' స్థాపించారు. పేరులేని బడి అని దాని అర్థం. కోజి యకుషో అక్కడినుండి వచ్చినవాడే. తన ముఖాన్ని కంపెనీకి అమ్మని నటుడు తన విద్యను ఇతరులకు పంచాడు. నటనను వృత్తిగా తీసుకోదలచిన విద్యార్థులు ఆయన పాత్రలతోపాటు ఈ రెండు నిర్ణయాలను కూడా అధ్యయనం చేయాలి.