మూఢంలో చుక్క

మా పెద్దమ్మ ఫోన్ చేసి "మూఢం వెళ్లిందేమో చూడరా" అంటే నేను పంచాంగం తియ్యను, మేడెక్కుతాను. శుక్రుడు సూర్యుడి వెలుగులో పడి కంటికి ఆనని రోజులే కదా శుక్రమౌఢ్యం, పెళ్లిళ్లు పెట్టుకోని కాలం! సూర్యుడికి అవతలగా పోతే రెండు నెలల దాకా ఆనడు. మనకూ సూర్యుడికీ మధ్యన దూరితే వారం పదిరోజులే. బాబిలోన్ వాళ్లు కూడా ఏ రోజు మాయమయ్యాడు, ఏ రోజు మళ్లీ వచ్చాడు అని మట్టిపలకల మీద రాసుకున్నారు. పెళ్లిళ్ల సంగతి వాళ్లకెందుకో గానీ, చూడటం మాత్రం అదే చూడటం.

టెలిస్కోపు కొన్న కొత్తలో శుక్రుణ్ణి చూపిస్తే, పక్కింటి బుడతడు కన్ను ఆనించి, "అంకుల్, ఇది చందమామ కదా!" అన్నాడు. తప్పు వాడిది కాదు. అచ్చం నెలవంకే. 1610లో గెలీలియోకు కనబడిందీ ఆ వంకే. నిండు బిళ్ల నుంచి వంక దాకా మారడమే శుక్రుడు సూర్యుడి చుట్టూ తిరుగుతున్నాడనడానికి సాక్ష్యమైంది. కానీ మచ్చ లేదు, గుంట లేదు. వెల్లవేసిన గోడలా ఉంటుంది.

ఖాళీ గోడ కనబడితే మనిషి చెయ్యి ఊరుకోదు. శుక్రుడి చుట్టూ మబ్బులున్నాయి కాబట్టి కింద చిత్తడి నేల, చెట్టూ చేమా ఉంటాయన్నాడు స్వీడన్ శాస్త్రవేత్త అరీనియస్, నోబెల్ అందుకున్నవాడు. అమెరికా ఖగోళ పరిశీలకుడు లోవెల్ అయితే 1896లో శుక్రుడి మీద బండిచక్రం ఆకుల్లాంటి గీతలు చూశానన్నాడు, బొమ్మలూ గీశాడు. 24 అంగుళాల దుర్బిణి ముఖాన్ని బాగా కుదించి చూసేవాడాయన. అంత సన్నటి వెలుగు కంట్లో పడితే, కంటి వెనకున్న రక్తనాళాల నీడలే కనబడి ఉండొచ్చని తర్వాతివాళ్ల అనుమానం.

నాకు నవ్వు రాదు. ఒక సాయంత్రం నేనూ ఒక మసక మచ్చ చూసి, టైము వేసి మరీ నోట్‌బుక్కులో గీసుకున్నాను. మర్నాడు వీధిలైటు మీదకు తిప్పితే అక్కడా అదే మచ్చ! కన్ను పెట్టే అద్దం మీద నా వేలిముద్ర.

1970 డిసెంబరు 15న సోవియట్ల వ్యోమనౌక వెనెరా-7 శుక్రుడి మీద దిగింది. చిత్తడీ లేదు, చెట్లూ లేవు. సీసం కరిగిపోయేంత వేడి. ఆ మబ్బులు గంధకామ్లం.

ఇదంతా బుడతడికి చెప్పాను. బుద్ధిగా విన్నాడు. నా నోట్‌బుక్కు లాక్కుని వంక గీశాడు, లోపల కుందేల్ని కూర్చోబెట్టాడు.