నూర్, రంగు, చూపు: ఇష్రాఖీ సిద్ధాంతంపై ఒక విమర్శ

రామంతాపూర్ నుండి హబ్సిగూడ మీదుగా తార్నాక చేరి, ఉస్మానియా విశ్వవిద్యాలయ ఆవరణలో అడుగుపెట్టిన వారికి దాయిరతుల్ మఆరిఫ్ దూరం కాదు. 1888లో స్థాపితమైన ఆ సంస్థ అచ్చువేసిన అరబీ గ్రంథాలలో కమాలుద్దీన్ ఫార్సీ రచించిన ‘తన్ఖీహుల్ మనాజిర్’ ఒకటి. ఇబ్నుల్ హైసమ్ దృష్టిశాస్త్ర గ్రంథం ‘కితాబుల్ మనాజిర్’కు ఇది వ్యాఖ్యానం. హిజ్రీ 1347–48 (క్రీ.శ. 1928–30)లో రెండు సంపుటాలుగా వెలువడింది. దానికి కొద్ది ఏండ్ల ముందే, 1925లో, మీర్జా ముహమ్మద్ హాదీ రుస్వా ఉర్దూ చేసిన ‘హిక్మతుల్ ఇష్రాఖ్’ను ఉస్మానియా విశ్వవిద్యాలయం ప్రచురించింది. ‘ఉమ్రావ్ జాన్ అదా’ నవలాకారుడుగా మాత్రమే రుస్వాను ఎరిగిన వారికి ఇది వింతగా తోచవచ్చు.

నగరం ఒక్కటే, కాలం ఇంచుమించు ఒక్కటే, రెండు గ్రంథాలూ వెలుగును గురించినవే. అయితే రెండూ చెప్పేది ఒకే మాటా? అవుననే భావన అనేక ఉపన్యాసాలలో, వ్యాసాలలో వినవస్తుంది. సూరా నూర్ 35వ ఆయత్‌ను ముందుంచి, దాని వెనుక సుహ్రవర్దీని, ఇబ్నుల్ హైసమ్‌ను వరుసగా నిలిపి, ముస్లింల కాంతిశాస్త్రం ఇదిగో అని చూపడం కొందరికి పరిపాటి. గ్రంథాలను తెరిచి చూస్తే ఈ వరుస నిలవదు.

షిహాబుద్దీన్ యహ్యా సుహ్రవర్దీ ‘హిక్మతుల్ ఇష్రాఖ్’ను 1186లో ముగించాడు. (‘అవారిఫుల్ మఆరిఫ్’ కర్త అయిన బగ్దాదు సుహ్రవర్దీ వేరు, పేర్ల పోలిక వల్ల ఇద్దరినీ ఒక్కరుగా భావించే పొరపాటు తరచు జరుగుతుంది.) ఆయన దృష్టిలో వెలుగుకు నిర్వచనం అక్కరలేదు. తనంతట తాను తెలిసేదీ, ఇతరాన్ని తెలియజేసేదీ అదే గనుక దానికంటె స్పష్టమైనది మరొకటి లేదు. ఉన్నవన్నీ వెలుగులో హెచ్చుతగ్గులే. వాటి పైన నూరుల్ అన్వార్. దేహాలు స్వతహాగా చీకటివి, అడ్డుతెరలు.

ఈ సిద్ధాంతానికి గట్టి పునాది ఆత్మజ్ఞాన విచారణలో ఉన్నది. మనిషి తన్ను తాను ఎరగడానికి మనస్సులో తన ప్రతిబింబం ఏర్పడనవసరం లేదు. ఏర్పడినా ఆ ప్రతిబింబం ‘అది’ అవుతుందే తప్ప ‘నేను’ కాదు. కనుక తన్ను ఎరగడమంటే తనకు తాను ప్రత్యక్షమై ఉండటమే. ఈ వాదాన్ని ఖండించడం నేటికీ సులభం కాదు.

చిక్కంతా ఈ ప్రత్యక్షతనే కంటికి కూడా వర్తింపజేయడంలో ఉన్నది. కంటి నుండి కిరణాలు వెలువడతాయన్న పాత మతాన్ని సుహ్రవర్దీ తిరస్కరించాడు, అది సబబే. వస్తువు రూపం కంటిలో ముద్రపడుతుందన్న మతాన్నీ తిరస్కరించాడు. వెలుగు పడిన వస్తువు ఆరోగ్యవంతమైన కంటికి ఎదురుగా, నడుమ తెర లేకుండా ఉంటే చాలు, ఆత్మ ఆ వస్తువునే సాక్షాత్తుగా చూస్తుందన్నాడు.

అలాగైతే బొంగరం సంగతేమిటి? సుహ్రవర్దీకి నూరేండ్లకు పైగా ముందే ఇబ్నుల్ హైసమ్ ఈ ఉదాహరణను చెప్పి ఉన్నాడు. రంగురంగుల గీతలు వేసిన బొంగరం గిర్రున తిరిగేటపుడు ఏ గీత రంగూ విడిగా కనబడదు. అన్నీ కలిసిన వేరొక రంగు కనబడుతుంది. రంగును గుర్తించడానికి కొంత కాలం పడుతుందని ఆయన దీనినుండి తేల్చాడు. కన్ను ఆరోగ్యంగానే ఉన్నది, తెర లేదు, వెలుగు ఉన్నది. అయినా బొంగరంపై ఎక్కడా లేని రంగు ఆత్మకు ‘ప్రత్యక్షం’ అయింది! ఇష్రాఖీ పక్షం వారు దీనికి బదులు చెప్పవలసి ఉన్నది.

ఇబ్నుల్ హైసమ్ అంతటితో ఆగలేదు. కంటికి గోచరించే గుణాలను ఇరవై రెండుగా లెక్కించాడు: వెలుగు, రంగు, దూరం, పరిమాణం, ఆకారం, చలనం, అందం మొదలైనవి. వీటిలో వెలుగు, రంగు మాత్రమే ఇంద్రియానికి నేరుగా అందుతాయి. మిగిలినవి పోలిక వల్ల, ఊహ వల్ల, పూర్వపరిచయం వల్ల తెలుస్తాయి. ఆ పని ఎంత చురుకుగా జరుగుతుందంటే చూసేవానికి అది జరిగినట్లే తెలియదు. అంటే చూపులో తీర్పు కలిసి ఉన్నది. తీర్పు ఉన్నచోట పొరపాటుకు తావున్నది. ఇమామ్ గజాలీ (రహ్మ.) ‘మిష్కాతుల్ అన్వార్’లో ఆ ఆయత్‌నే వివరిస్తూ కంటికి ఏడు లోపాలు ఎంచి, బుద్ధికి ‘నూర్’ అన్న పేరు ఇంకా తగినదన్నాడు. కంటిని నమ్మి ఆయత్‌ను వివరించలేదు.

రెండు మార్గాలూ ఒక్క వ్యక్తిలో కలిసిన సందర్భం ఒకటున్నది. ‘హిక్మతుల్ ఇష్రాఖ్’ వ్యాఖ్యాతలలో ప్రసిద్ధుడు ఖుత్బుద్దీన్ షీరాజీ (మరణం 1311). ఫార్సీ ఆయన శిష్యుడే. కిరణాలు వంగడం గురించి ఫార్సీకి సందేహం కలిగినపుడు గురువు చేతికిచ్చినది ‘హిక్మతుల్ ఇష్రాఖ్’ కాదు. దూరదేశం నుండి ‘కితాబుల్ మనాజిర్’ ప్రతిని తెప్పించాడు. ఫార్సీ నీరు నింపిన గాజుగోళాన్ని వానచినుకుగా భావించి, చీకటిగదిలో దానిపై ఎండ పడనిచ్చి పరీక్షించాడు. కిరణం చినుకులో ప్రవేశిస్తూ వంగి, లోపల పరావర్తనం చెంది, వెలువడుతూ మరల వంగితే ఇంద్రధనుస్సు. లోపల రెండుసార్లు పరావర్తనమైతే పైనున్న రెండవ ధనుస్సు. రంగులు ఎందుకు విడిపడతాయన్నది మాత్రం ఆయనకు పూర్తిగా అందలేదు. అది న్యూటన్ నాటికి గాని తేలలేదు. ఏ ప్రశ్నకు ఏ గ్రంథమో షీరాజీకి తెలుసు. రెండింటినీ కలగలిపేవారికే అది తెలియదు.

సుహ్రవర్దీ 1191లో, నలభై నిండకుండానే, హలబ్‌లో మరణదండనకు గురైనాడు. ఆ అన్యాయం ఆయన వాదానికి బలం చేకూర్చదు, బలహీనతనూ ఆపాదించదు. ఆయనను పొగడేవారూ తెగడేవారూ ఆ మరణం దగ్గరే ఆగిపోవడం గ్రంథానికి జరిగిన రెండవ అన్యాయం.

ఇదంతా ఉపమానమే, భౌతికమైన వెలుగుతో పని లేదు అని సర్దిచెప్పడానికీ వీలు లేదు. నూర్, దౌ అన్న రెండు పదాలను ఒకే అర్థంలో వాడుతున్నాననీ, తన ఉద్దేశం ఉపమానం కాదనీ సుహ్రవర్దీయే గ్రంథంలో స్పష్టం చేశాడు. ఇబ్నుల్ హైసమ్ తన పరిశోధనలో వాడిన మాట దౌ. ఆ పేరుతోనే ఉన్న ఆయన చిన్న గ్రంథం హైదరాబాదు ముద్రణలో (హిజ్రీ 1357) లభిస్తున్నది. నూర్ అన్న మాట ఉర్దూకు సొంతమే గనుక రుస్వాకు తెలుగువాని ఇబ్బంది లేదు. తెలుగు అనువాదకుడు నూర్‌కు ‘వెలుగు’ అనీ, దౌకు ‘కాంతి’ అనీ విడదీస్తే సుహ్రవర్దీ వాదం మొదట్లోనే తెగిపోతుంది. రెండింటికీ ‘వెలుగు’ అనే వ్రాస్తే, బొంగరాన్ని చూస్తున్న పాఠకుడు నూరుల్ అన్వార్‌ను తలచుకుంటాడు.