పొట్టి పాసుల బడి

అమెరికన్ ఫుట్‌బాల్‌లో బంతి చేతిలో ఉన్న జట్టు నాలుగు ప్రయత్నాల్లో పది గజాలు ముందుకు జరగాలి. జరిగితే మళ్లీ నాలుగు ప్రయత్నాలు, లేకపోతే బంతి అవతలివాళ్లది. ఒకప్పుడు ఎక్కువమంది కోచ్‌లు ఆ గజాల్ని కండబలంతోనే సంపాదించేవారు. బంతి పట్టుకుని గుంపులోంచి దూసుకుపోవడం, అదను చూసి దూరంగా విసరడం. కోచ్ బిల్ వాల్ష్ వేరే దారి పట్టారు. పట్టక తప్పలేదు.

అప్పట్లో ఆయన ఒహాయో రాష్ట్రంలోని సిన్సినాటి బెంగాల్స్ జట్టులో ప్రధాన కోచ్ పాల్ బ్రౌన్ కింద సహాయక కోచ్. ఎంత దూరమైనా విసరగల క్వార్టర్‌బ్యాక్ (బంతి విసిరి ఆట నడిపించేవాడు) గ్రెగ్ కుక్, 1969లో తగిలిన భుజం గాయంతో ఆటకు దూరమయ్యాడు. దొరికింది వర్జిల్ కార్టర్. చేతిలో బలం తక్కువ, గురి ఎక్కువ. ఆ చేతికి తగ్గట్టే వాల్ష్ ఆట అల్లారు. మైదానం పొడవు మీద ఆశ తగ్గించుకుని వెడల్పును వాడుకున్నారు. క్వార్టర్‌బ్యాక్ వెనక్కి వేసే మూడు అడుగులకో ఐదు అడుగులకో, బంతి అందుకునే రిసీవర్ పరుగును జతచేశారు. చివరి అడుగు పడేసరికి బంతి చెయ్యి దాటాలి. అప్పటికి రిసీవర్ ఇంకా తల తిప్పి ఉండకపోవచ్చు కూడా. మొదటివాడికి దారి మూసుకుపోతే రెండోవాడు, అతనూ కాకపోతే మూడోవాడు. పరుగు ఆగకుండా బంతి చేతిలో పడాలి, ఎందుకంటే సగం గజాలు పట్టుకున్నాకే వస్తాయి. 1971లో లీగ్ మొత్తంలో అత్యధిక శాతం పాసులు చేరవేసింది ఆ బలం చాలని చెయ్యే. తర్వాత ఈ పద్ధతికి వెస్ట్‌కోస్ట్ అఫెన్స్ అని పేరొచ్చింది. పుట్టింది మాత్రం ఒహాయోలో.

బ్రౌన్ తప్పుకున్నాక ఆ ప్రధాన కోచ్ కుర్చీ తనకే వస్తుందని వాల్ష్ ఆశపడ్డారు. రాలేదు. 1979లో శాన్‌ఫ్రాన్సిస్కో ఫార్టీనైనర్స్ జట్టు ప్రధాన కోచ్‌గా పిలిచేసరికి ఆయనకు 47 ఏళ్లు. మొదటి ఏడు 2 గెలుపులు, 14 ఓటములు. మూడో సీజన్‌లో లీగ్ చివరి పోటీ సూపర్ బౌల్‌లో గెలుపు! ఆ రెంటి మధ్య కాలమే నాకు అన్నిటికన్నా విలువైనదిగా తోస్తుంది. ఓడుతున్నా ఆయన అడుగుల లెక్క వదల్లేదు. ఆఫీసులో ఫోను ఎత్తేవారికి కూడా పని ఎలా ఉండాలో చెప్పారు. కొత్త ఆటగాళ్లను జట్లు వంతులవారీగా ఎంచుకునే డ్రాఫ్ట్‌లో 82వ వాడిగా మిగిలిన క్వార్టర్‌బ్యాక్ జో మోంటానాలో ఆయన పాదాల చురుకు చూశారు. ఆటలో మొదట వేసే ఎత్తుల్ని ముందే కాగితం మీద రాసిపెట్టేవారు. హోరులో, ఒత్తిడిలో బుర్ర నిలకడగా పనిచేయదని ఆయనకు తెలుసు.

ఆయన దగ్గర పనిచేసిన మైక్ హోమ్‌గ్రెన్, హోమ్‌గ్రెన్ దగ్గర నేర్చుకున్న ఆండీ రీడ్ కూడా కోచ్‌లుగా సూపర్ బౌల్ గెలిచారు. నల్లజాతి కోచ్‌లకు తలుపులు తెరుచుకోని రోజుల్లో, 1987లో, వాల్ష్ వాళ్లను తన శిబిరానికి పిలిచి పని నేర్పే పద్ధతి మొదలుపెట్టారు. లీగ్ దాన్ని ఆయన పేరుతోనే కొనసాగిస్తోంది.

1989 జనవరి 22, మయామీ, మళ్లీ సూపర్ బౌల్. ఎదురుగా అదే బెంగాల్స్. మూడు పాయింట్లు వెనకబడి, మూడు నిమిషాల చిల్లర మిగిలి, 92 గజాలు దాటాల్సి ఉంది. మోంటానా ఎక్కువగా పొట్టి పాసులతో నడిపించాడు. చివరి పది గజాల దగ్గర అందరి కళ్లూ రిసీవర్ జెర్రీ రైస్ మీదే. బంతి మాత్రం మరో రిసీవర్ జాన్ టేలర్ చేతుల్లో పడింది, గెలుపు దక్కింది. గడియారంలో ఇంకా 34 సెకన్లు. వాల్ష్ ఫార్టీనైనర్స్ కోచ్‌గా ఆడించిన చివరి ఆట అది.