కరువు కథలో కనిపించని నీరు

రాయలసీమ కథ అంటే కరువు కథ అనే అభిప్రాయం మనలో ఎంతగా స్థిరపడిందంటే, ఆ కరువు ఎటువంటిదని అడగాలని విమర్శకులకు కూడా తోచడం లేదు. వాన రాలేదు, చేను ఎండింది, అప్పు మిగిలింది. ఈ మూడు మెట్లు దిగితే కథ పూర్తయినట్టే. కొత్త రచయితలు చదివి అభిప్రాయం చెప్పమని ఇచ్చే కథల్లో నాకు ఎక్కువగా తారసపడేది ఈ నమూనాయే. ఈమధ్య దానికి నాలుగో మెట్టు చేరింది: బోరు ఎండింది. అయితే వాన రాకపోవడమూ బోరు ఎండడమూ ఒకే జాతి సంఘటనలైనట్టు, రెండూ పైనుంచి వచ్చిపడిన విపత్తులైనట్టు రాస్తున్నారు. నా అభ్యంతరం ఇక్కడే. వాన కురిస్తే అందరి చేలమీదా కురుస్తుంది. భూమి అడుగు నీళ్లు మాత్రం ఒకడు తోడుకున్నకొద్దీ మరొకడికి తగ్గుతాయి. అంటే అది మనుషుల మధ్య సంబంధం. సాహిత్యానికి వస్తువు కావలసింది ఆ సంబంధమే.

పాత అనంతపురం జిల్లాలో ఏడాదికి సగటున కురిసేది 550 మిల్లీమీటర్ల వాన. అడుగున గ్రానైటు, నైసు రాళ్లు. ఆ రాయి ఇసుకలాగా నీళ్లు పీల్చి దాచుకోదు. పైన శిథిలమైన పొరలోనూ, దాని కింద రాతి పగుళ్లలోనూ నిలిచిన నీళ్లే రైతుకు దిక్కు. చేత్తో తవ్విన బావి ఆ పై పొర మీద బతికింది. కపిల కట్టిన ఎద్దులు ఎంత లోతునుంచి లాగగలవో అంతవరకే నీళ్లు పైకొచ్చేవి. పశువు సత్తువే ఊరి నీళ్లకు కాపలా. ఆయిల్ ఇంజను, కరెంటు మోటారు, ఆపైన రిగ్గు బండి వచ్చాక ఆ కాపలా తొలగిపోయింది. బోరు పగుళ్లలోంచి లాగుతున్నకొద్దీ పై పొరలోని నీళ్లు కిందికి దిగిపోతాయి. అందుచేత ముందుగా ఎండేది లోతులేని పాత బావి, అంటే లోతుకు పోయే స్తోమత లేనివాడి బావి.

చట్టం కూడా ఈ కథలో పాత్రే. భూమి ఎవరిదో దాని కింది నీళ్లు తోడుకునే హక్కూ వాడిదే అన్నది 1882 నాటి ఈజ్‌మెంట్ల చట్టం. 2002లో వచ్చిన వాల్టా చట్టం బావుల నమోదు, అనుమతి, బోరుకూ బోరుకూ మధ్య దూరం అంటూ నియమాలు పెట్టింది. అవి ఎంత అమలయ్యాయో ఏ పొలంగట్టున నిలబడినా తెలుస్తుంది. 2004 నుంచి సేద్యానికి కరెంటు ఉచితమైంది. లోతుకు మాత్రం అడుగు లెక్కన డబ్బు కట్టాల్సిందే. భూమి లేని కూలివాడు ఈ లెక్కలోకి రానే రాడు.

విద్వాన్ విశ్వం 'పెన్నేటి పాట'లో ఇదంతా ఏదీ అని అడగడం అన్యాయం. 1950ల నాటి ఆ కావ్యానికి ఎండిన పెన్న చాలు. రంగడు, గంగమ్మల బతుక్కి ఆ ఇసుకే సాక్ష్యం. డెబ్బై ఏళ్ల తర్వాత అదే ఎండిన ఏటిని అరువు తెచ్చుకుని ప్రతీకగా వాడేవాళ్లతోనే నా పేచీ. వాళ్ల కళ్లముందున్న నష్టం ఏటిలో లేదు, కంటికి కనిపించని చోట ఉంది.

ఈమధ్య చదివిన ఒక కథలో రైతు మూడు బోర్లు వేయిస్తాడు, మూడూ ఫెయిలవుతాయి, పురుగుల మందు తాగుతాడు. మూడు బోర్లకూ కలిపి నాలుగు వాక్యాలు! అసలు కథంతా ఆ నాలుగు వాక్యాల్లోనే ఉంది. అరచేతిలో టెంకాయ పెట్టుకుని పాయింటు చూపే మనిషి, తమిళనాడు తిరుచెంగోడు నుంచి వచ్చిన రిగ్గు బండి, రాత్రంతా లేస్తున్న తెల్లటి రాతిపొడి, 'ఇంకో యాభై అడుగులు పోదామా' అన్నప్పుడల్లా భార్య మెడలోని గొలుసువైపు పోయే చూపు. ఇవేవీ లేవు. పొడి తడిసి నీళ్లు ఎగజిమ్మితే జనం కేకలు వేస్తారు. ఆ జనంలోనే వందగజాల అవతల పాత బావి ఉన్న పక్కపొలం మనిషీ ఉంటాడు, వరసకు తమ్ముడు. 'ఎన్ని ఇంచులు పడినాయన్నా?' అని అడుగుతాడు. ఆ ప్రశ్నలో సంతోషం ఎంత, భయం ఎంత? ఇది రాయగలిగినవాడికి పురుగుల మందు డబ్బా అవసరమే ఉండదు.

మన విమర్శకూ ఇక్కడొక చిక్కుంది. భూస్వామి, కూలి అనే రెండు పాత్రలతో మనం చాలా దూరం వచ్చాం. కాని బోరు వేసిన ఈ అన్న తరచూ భూస్వామి కాడు. అయిదెకరాల అప్పులవాడే. రేపు తన బోరూ తగ్గితే చీనీ చెట్లు బతికించుకోవడానికి ట్యాంకరు నీళ్లు కొని పోసేవాడే. అతణ్ణి దుర్మార్గుడిగా చిత్రిస్తే అబద్ధం. ఇద్దరూ బాధితులేనని కన్నీళ్లు సమానంగా పంచిపెడితే అంతకంటే పెద్ద అబద్ధం. ఒకడికి అప్పు పుట్టింది, ఇంకొకడికి పుట్టలేదు. అప్పు పుట్టే శక్తి లోతుగానూ, లోతు నీటి మీద హక్కుగానూ మారే ఈ క్రమాన్ని పట్టుకోని రచనలో ఎంత సానుభూతి ఉన్నా దాన్ని వాస్తవికత అనలేను.

ఇన్ని వివరాలు చేరిస్తే శిల్పం చెడుతుందని కొందరి భయం. సన్నపురెడ్డి వెంకటరామిరెడ్డి 'కొండపొలం' (2019) చూడండి. నీళ్లూ మేతా లేక గొర్లను నల్లమలకు తోలుకుపోయే కాపరుల పనీ, వాళ్ల అడవి తెలివీ తీసేస్తే ఆ నవలలో మిగిలేదేమిటి? అంత దూరం ఎందుకు, 1369 నాటి పోరుమామిళ్ల చెరువు శాసనం మంచి చెరువుకు ఉండవలసిన పన్నెండు అంగాలనూ, ఉండకూడని ఆరు దోషాలనూ సంస్కృతంలో ఏకరువు పెట్టింది. రాజాశ్రయంలోని శాసనకర్తకు ఉన్న ఓపిక అభ్యుదయ కథకుడికి ఉండకూడదా?

వస్తువు లేకనా అంటే అదీ కాదు. 2000ల దశకంలో ఆంధ్ర కరువు జిల్లాల్లో రైతుల భాగస్వామ్యంతో భూగర్భజలాల పథకం ఒకటి నడిచింది. రైతులు, ఆడవాళ్లతో సహా, వానా బోర్ల మట్టాలూ తామే కొలిచారు. ఊరి నీళ్ల జమాఖర్చు వేసుకుని, ఏ పంట పెట్టాలో కూర్చుని మాట్లాడుకున్నారు. అటువంటి కూటంలో చీనీ తోట అన్నా, ఎండిన బావి తమ్ముడూ ఎదురెదురుగా కూర్చోవలసి వస్తుంది. వాళ్లేం మాట్లాడుకుంటారో రాసిన కథ నాకింతవరకు దొరకలేదు.