చిటికి కట్టిన చోట

పోచంపల్లిలో మగ్గం ఆడకముందే చీర మీది పువ్వు నూలులోకి చేరిపోతుంది. ఆసు పోసిన, అంటే మేకుల చుట్టూ వరసగా చుట్టిన, పేకనూలుకు గుర్తులు పెట్టి, రంగు అంటకూడని చోటల్లా సైకిల్ ట్యూబు రబ్బరు పేలికలతో బిగించి కడతారు. అదే చిటికి. రంగులో ముంచి తీసి కట్టు విప్పితే లోపలి రంగు చెక్కుచెదరకుండా ఉంటుంది. పువ్వుకు అంచు తీర్చేది రంగును ఆపిన ఆ ముడే. జానపదాన్ని సినిమాకు తెచ్చే సంగీత దర్శకుడి పనితనాన్నీ ఈ కొలతతోనే చూడాలంటాను. ఏ వాద్యం వాడాడన్నది తర్వాతి సంగతి. పాటలో దేన్ని తాకనివ్వలేదో ముందు చూడాలి.

బి.నరసింగరావు నిర్మించగా గౌతం ఘోష్ తీసిన 'మాభూమి' 1980లో విడుదలైంది. దానికి సంగీతం కూర్చిన వింజమూరి సీత ఆకాశవాణిలో జానపద సంగీతం మీద ఏళ్లతరబడి పనిచేసిన మనిషి. కోస్తాలో పుట్టిన ఆమె చేతికి తెలంగాణ సాయుధ పోరాటపు పాటలు వచ్చాయి. 'పల్లెటూరి పిల్లగాడా' నల్లగొండ నేల మీది సుద్దాల హనుమంతుది. 'బండెనక బండి కట్టి' బండి యాదగిరిది, తెర మీద గద్దరే పాడాడు. రెండింటిలోనూ వాద్యాలు గొంతును దాటిపోవు. మొదటి పాటలో పసులు కాసే పిల్లవాణ్ని అడిగే ప్రశ్నల మధ్య ఖాళీ ఖాళీగానే ఉంటుంది, దుఃఖం వినేవాడికి తగిలేది అక్కడే. యాసను దిద్దలేదు, గరుకును నునుపు చేయలేదు. ఆమె చిటికి కట్టింది వీటికే.

అయితే సంగీత దర్శకుడు చేసిందేమిటి, బాణీ జనానిదే కదా అంటారు. సగం నిజం. నూలు వడికినవాళ్ల పేరు చెప్పకుండా చీర తనదనేవాణ్ని నేను సమర్థించను. కానీ ముడి కాస్త వదులైనా రంగు లోపలికి పాకి పువ్వు చెదిరిపోతుంది. సభల్లో ఎంతసేపైనా సాగే పాటను కొద్ది నిమిషాల దృశ్యంలో ఊపిరి తెగకుండా నిలపడం చిన్న పని కాదు. ఇంత పల్చని సంగీతం థియేటర్‌లో నిలుస్తుందా అనేది రెండో మాట. హైదరాబాద్‌లో 'మాభూమి' ఉదయం ఆటలు ఏడాదిపాటు ఆడాయి. అలాగని హోరు తప్పని నేననను. 2023లో కీరవాణికి ఆస్కార్ తెచ్చిన 'నాటు నాటు' నిండా హోరే, కానీ దాని అడుగున ఆరు మాత్రల జానపద నడక బిగువు సడలలేదు. అక్కడ ముడి లయకు పడింది.

సినిమా సంగతి ఇలా ఉంటే, టీవీ సీరియల్ నేపథ్య సంగీతంలో ఇలా ఆలోచించే తీరిక తక్కువ, ఉన్న తునకలనే రోజూ తిప్పి వాడాలి. కంప్యూటర్‌లో దరువులు సిద్ధంగా దొరికే కాలంలో ఈ చేతిపని ఇంకెందుకనే వాదన వచ్చేదీ అక్కడినుంచే. దానికి జవాబు 2019లో మార్క్ కె. రాబిన్ సంగీతంతో వచ్చిన 'మల్లేశం' సినిమా కథలో ఉంది. చీరకు సుమారు తొమ్మిది వేలసార్లు చెయ్యి ఆడించే తల్లి భుజం నొప్పి చూడలేక చింతకింది మల్లేశం ఆసు యంత్రం చేశాడు. ఆ యంత్రం ఆసు పోస్తుంది. చిటికి మాత్రం మనిషే కట్టాలి, ఏ దారం దగ్గర ఆగాలో చూసుకుంటూ.