ద్రౌపది కట్టువాడు

మదనపల్లె, పుంగనూరు, కుప్పము ప్రాంతపు పల్లెలలో, ద్రౌపదీ ధర్మరాజుల గుడియొద్ద భారతము జరుగు వేసవి దినములందు, పగలు హరికథకుడు చెప్పిన కథనే రాత్రి వీధినాటకముగా ఆడు బృందములో ద్రౌపది వేషము కట్టు పురుషుడు నా కంటికి ఎల్లప్పుడును అందరికంటె గొప్ప నటుడుగానే కనుపట్టినాడు. భీమ దుర్యోధనులకు కిరీటములు, అద్దములు పొదిగిన భుజకీర్తులు, గజ్జెల మ్రోత సగము పని చేసిపెట్టును. ద్రౌపదికి ఆ ఆసరా లేదు. ఒక చీర, ఒక సవరము, ముఖమున కొంత రంగు. తక్కినదంతయు నడకలోను, మెడ త్రిప్పుటలోను, హార్మోనియము శ్రుతిని విడువక తెల్లవారుదాక నిలుచు గొంతులోను ఉండవలెను. చిరకాలము ఈ వేషము కట్టిన పెద్దాయన ఒకరు నాతో, "ఆడదాని మాదిరి ఏడిస్తే జనం నగుతారు సామీ, రాణి మాదిరి ఏడిస్తే వాళ్లే ఏడుస్తారు" అనెను. నటనను గూర్చి ఇంతకు మించిన మాట నేను వినలేదు.

ఉత్సవాంతమున, మన్నుతో మలచిన దుర్యోధనుని మహాకాయము నేలపై పరుండి యుండగా, భీముడు దాని తొడ పగులగొట్టిన పిమ్మట, అంతదాక విరియబోసికొనిన కురులను ద్రౌపది ముడుచునప్పుడు, ఎదుట చేతులు మోడ్చిన స్త్రీలు అచ్చట మగవానిని చూడరు, అమ్మవారినే చూతురు. తిరుపతి గంగమ్మ జాతరలో మ్రొక్కు తీర్చుకొనుటకై చీర కట్టు మగవారినిసైతము మనము గౌరవింతుము. అట్లుండియు, అదే చీరను జీవనోపాధిగా కట్టువాడు మరునాడు సంతకు పోయినచో వాని నడకను వెక్కిరించువారు మనలోనే కలరు. ఇది అన్యాయము.

సత్యభామగా ఆంధ్రదేశమును ఉర్రూతలూపిన స్థానం నరసింహారావుగారికి 1956లోను, కూచిపూడి వేదాంతం సత్యనారాయణశర్మగారికి 1970లోను పద్మశ్రీ లభించినది, తగిన గౌరవమే. మన వీధినాటకములందో, చదివింపు లిచ్చినవారి పేర్లు మైకులో మాటిమాటికి వినిపించును గాని, వేషము కట్టినవాని పేరు వినిపింపదు.

తెలుగు, తమిళము, కన్నడము కలియు కుప్పమున 1997లో వెలసిన ద్రావిడ విశ్వవిద్యాలయము ఈ వేషగాండ్ర పాటలను వారి గొంతులతోనే భద్రపరుపవలెను. చదువరులారా, రాబోవు వేసవిలో భారతము జరుగు ఊరికి పోయి, తెల్లవారుదాక కూర్చుండి, ద్రౌపది కట్టినవాని పేరు అడిగి తెలిసికొనుడు.